నిమ్మకాయ లేని నిమ్మ ఉప్పు

మార్కాపురములోగాని గిద్దలూరులోగాని ఏ కిరాణా కొట్టులో అడిగినను, "నిమ్మ ఉప్పు" అను పేరుతో పంచదారవలె మెరయు తెల్లని పలుకులు పొట్లము కట్టి ఇత్తురు. పెద్ద పెండ్లిండ్లలో వందలమందికి పులిహోర కలుపు వంటవారు దీనిని వాడుదురు. సోడాలు, పండ్లరసపు సీసాలు, జాములు, పిల్లలు చప్పరించు పుల్లని బిళ్ళలు, కడుపుబ్బరమునకు నీళ్ళలో వేయగానే బుసబుస పొంగు పొడి - వీటిలో చాలవాటియందు ఇది కలదు. పొట్లముపై చిన్న అక్షరములలో ఆమ్లత్వ నియంత్రకము అని వ్రాసి, ప్రక్కన 330 అను అంకె ఉన్నచో అది ఇదియే. దీని శాస్త్రీయనామము సిట్రిక్ ఆమ్లము. ఇది ఉప్పు కాదు, ఆమ్లము. కావున వాడుక పేరులోని రెండవ మాట తప్పని తరగతిలో మనము చెప్పుచునే యున్నాము. నిజమునకు మొదటి మాట కూడ నేడు తప్పే. ఆ పలుకులలో నిమ్మరసము చుక్కయైనను లేదు.

ఈ సంగతి మన ప్రాంతపు రైతునకు వట్టి వింత కాదు. కాయ విరగకాసి గూడూరు, తెనాలి మార్కెట్లలో ధర పడిపోయినప్పుడు, కోతకూలి కూడ రాదని కాయను చెట్టుక్రిందనే వదలివేయు సందర్భములు కలవు. 2022 ఏప్రిల్‌లో పట్టణములలో కిలో నిమ్మ 200 రూపాయలు దాటిన మాట నిజమే. కాని అంతటి ధర పలుకునప్పుడు చెట్టుమీద కాయ ఉండుట అరుదు. బోరుబావుల క్రింద నిమ్మ, బత్తాయి తోటలు గల పశ్చిమ ప్రకాశపు గ్రామములనుండి కళాశాలకు వచ్చు విద్యార్థులు తరచుగా అడుగు ప్రశ్న ఒకటి కలదు: పారబోయు కాయలనుండి నిమ్మ ఉప్పు తీయగూడదా? మంచి ప్రశ్న. ఒకప్పుడు ఒక దేశము సరిగా ఆ పనియే చేసి ప్రపంచమునకంతటికిని అమ్మినది. ఆ వ్యాపారము ఎట్లు పెరిగి ఎట్లు పోయెనో చూచినచో దీనికి జవాబు దొరకును.

నిమ్మరసములోని పులుపును మొదట విడదీసినవాడు స్వీడను దేశపు మందుల దుకాణదారు కార్ల్ విల్‌హెల్మ్ షీలే. 1784లో ఆయన ఈ పని చేసెను. నిమ్మరసమును ఊరక మరిగించినచో ఆమ్లము పలుకు కట్టదు. రసములోని జిగురు, చక్కెర అడ్డుపడును. షీలే అంతకు కొన్ని ఏండ్లకు ముందు ద్రాక్షసారా పీపాలలో అట్టకట్టు పదార్థమునుండి టార్టారిక్ ఆమ్లమును తీసియుండెను. ఆ ఉపాయమునే ఇచ్చటను వాడెను. వేడి రసములో సుద్దపొడి కలిపెను. ఆమ్లము సుద్దలోని కాల్షియముతో కలిసి, కరుగని కాల్షియం సిట్రేటుగా అడుగున దిగెను. దానిని వడపోసి, కడిగి, పలుచని గంధకికామ్లములో వేసెను. కాల్షియము గంధకికామ్లముతో చేరి జిప్సముగా క్రిందికి దిగగా, పైనున్న తేటలో సిట్రిక్ ఆమ్లము మిగిలెను. తేటను మరిగించి చల్లార్చగా పలుకులు వచ్చెను. సుద్ద, గంధకికామ్లము, రెండు వడపోతలు - ఇంతే. రెండువందల నలువది ఏండ్లు గడచినను అనేక కర్మాగారములలో ఆమ్లమును శుద్ధిచేయుటకు నేటికిని ఈ మార్గమే వాడుకలో ఉన్నదని గుర్తుంచుకొనవలెను. ఆమ్లము పుట్టు చోటు మారినది గాని, దానిని పట్టుకొను ఉపాయము మారలేదు.

ఇచ్చట ఒక పొరపాటును తొలగింపవలసి యున్నది. నిమ్మకాయకు గల గొప్పతనమంతయు ఆ పులుపులోనే ఉన్నదని చాలమంది తలంతురు. ఓడప్రయాణములలో నావికులకు వచ్చు స్కర్వీ రోగమునకు నిమ్మజాతి పండ్లు మందని జేమ్స్ లిండ్ 1747లో పరీక్షచేసి చూపెను. ఆ పరీక్షలోనే కొందరు రోగులకు వెనిగరును, మరికొందరికి పలుచని గంధకికామ్లపు మందును ఇచ్చెను. అవి రెండును పుల్లనివే, కాని వాటివలన రోగము కుదరలేదు. రోగము కుదిర్చినది పులుపు కాదు, సి విటమిన్. ఆ మాట తెలియుటకు మరి నూటయెనుబది ఏండ్లు పట్టెను. నిమ్మ ఉప్పులో సి విటమిన్ ఏమాత్రమును లేదు. దానిని నీళ్ళలో కలిపి ఇచ్చి నిమ్మరసము ఇచ్చితిమనుకొనుట మనలను మనము మోసగించుకొనుటయే.

షీలే పరీక్షనాళికలో చేసినదానిని వ్యాపారముగా మార్చినది ఇంగ్లండు. 1826లో అచ్చట జాన్, ఎడ్మండ్ స్టర్జ్ అను సోదరులు ఇటలీ నిమ్మరసమునుండి ఆమ్లము తీయ మొదలిడిరి. రసమునకు మూలము సిసిలీ ద్వీపము. మధ్యధరా సముద్రములోని ఆ ద్వీపమునందు మెస్సీనా, పాలెర్మో చుట్టుప్రక్కల నిమ్మతోటలు విస్తారముగా ఉండెను. మంచి కాయలు పెట్టెలలో తాజాగా ఓడలెక్కును. రాలినవి, మచ్చపడినవి, చిన్నవి మిగులును. ఆ మిగిలిన కాయల తొక్కనుండి మొదట సువాసనగల తైలమును తీసి, పిమ్మట రసము పిండెడివారు. రసము ఊరక పంపిన చెడిపోవును. పైగా అందులో తొంబది పాళ్ళు నీరే, నీటికి ఓడకిరాయి ఎవరిత్తురు? అందుచేత దానిని నల్లగా పాకమువలె కాచి పంపుటయు, తరువాత తోటలవద్దనే సున్నము కలిపి కాల్షియం సిట్రేటుగా చేసి ఎండబెట్టి పంపుటయు అలవాటయ్యెను. ఎండిన సిట్రేటు చెడదు, తేలిక, మూటకట్టవచ్చును. ఇంగ్లండు, జర్మనీ, అమెరికా కర్మాగారములు దానిని కొని గంధకికామ్లము వేసి, చివరి మెట్టు పని మాత్రము చేసికొని, లాభములో పెద్దభాగము తీసికొనెడివి. సిసిలీలో గంధకపు గనులు కూడ ఉండెను. గంధకము ఆ ద్వీపమునుండియే పోయెను, సిట్రేటును ఆ ద్వీపమునుండియే పోయెను, రెండును కలిసినది మాత్రము వేరే దేశములో! ముడిసరుకు అమ్మువాని కథ ఎచ్చటనైనను ఇట్లే యుండును గాబోలు.

ఎట్లున్నను సిట్రేటువలన సిసిలీ రైతునకు ఒక మేలు జరిగెను. తాజా కాయకు ధర లేని ఏట కూడ సిట్రేటు కొలిమివాడు కొనును. ధర పడిపోవుటకు అడుగున ఒక నేల ఏర్పడెను. ప్రపంచమునకు కావలసిన సిట్రేటులో చాలభాగము తన చేతిలోనే ఉన్నది గనుక, 1908లో ఇటలీ ప్రభుత్వము మెస్సీనాలో నిమ్మజాతి ఫలముల మండలి నొకదానిని నెలకొల్పి, సిట్రేటు నిలువలను, అమ్మకమును దాని చేతిలో పెట్టెను. సరుకు మాదగ్గర తప్ప దొరకదు కావున ధర మేమే నిర్ణయింతుమని దీని భావము. ఆ మాట కొన్ని ఏండ్లు చెల్లినది.

అది చెల్లకపోవుటకు కారణమైన వస్తువు మన వంటింటిలోనే ఉన్నది. ఉల్లిగడ్డ పైపొర తీసినప్పుడు లోపల మసివలె నల్లని పొడి కనబడుట అందరును చూచియే యుందురు. అది ఆస్పర్జిల్లస్ నైగర్ అను బూజు. కొన్ని బూజులు చక్కెరను తిని సిట్రిక్ ఆమ్లమును విడుచునని 1893లోనే జర్మను శాస్త్రజ్ఞుడు కార్ల్ వేమర్ కనుగొని, వ్యాపారముగా చేయుటకు ప్రయత్నించెను. ఆయన వాడినది పెనిసిలియం జాతి బూజు. కాని అది కుదరలేదు. పెంపకమునకు చాల దినములు పట్టుచుండెను. ఇంతలో వేరే క్రిములు చేరి చక్కెర ద్రావణమును పాడుచేయుచుండెను.

1917లో అమెరికాలో జేమ్స్ కర్రీ అను రసాయనజ్ఞుడు ఈ చిక్కును విప్పెను. ఆయన మొదట చీజుపై పెరుగు బూజులను పరిశోధించినవాడు. నల్లబూజు మిక్కిలి పుల్లని ద్రావణములో కూడ హాయిగా పెరుగునని ఆయన చూచెను. ఇదియే కీలకము. ద్రావణమును మొదటనే పుల్లగా చేసినచో ఇతర క్రిములు బ్రతుకవు. వేమర్‌ను బాధించిన శత్రువు అట్లు తొలగిపోయెను. పైగా పులుపు తక్కువైనచోట బూజు ఆక్సాలిక్ ఆమ్లమను విషపదార్థమును చేయును. పులుపు ఎక్కువైనచోట సిట్రిక్ ఆమ్లమునే చేయును. చక్కెర దండిగా ఇచ్చి, నత్రజని మొదలైన ఇతర ఆహారమును కడుపునకు చాలకుండ ఇచ్చినచో ఆమ్లము మరింత దొరకునని కూడ ఆయన కనుగొనెను.

ఈ విషయము విద్యార్థులకు విచిత్రముగా తోచవచ్చును. సిట్రిక్ ఆమ్లము బూజులోనే కాదు, మన శరీరములోని కణములలోను పుట్టుచునే యున్నది. ఆహారము దహనమై శక్తిగా మారు మార్గములో అదొక మజిలీ. 1937లో హాన్స్ క్రెబ్స్ ఈ చక్రమును వివరించెను. ఆ శక్తి నిలువయుండు ఏ.టి.పి. అను పదార్థమును 1929లో కండరములందు కనుగొన్నవారిలో మన భీమవరమున పుట్టిన ఎల్లాప్రగడ సుబ్బారావు ఒకరు. ఆరోగ్యముగా పెరుగు కణములో సిట్రిక్ ఆమ్లము పుట్టిన వెంటనే ఖర్చయిపోవును, నిలువయుండదు. బూజును సరిగా పెరుగనీయక, చక్కెర మాత్రము మితిమీరి తినిపించినప్పుడు ఆ మజిలీవద్ద రద్దీ ఏర్పడి ఆమ్లము బయటికి పొర్లును. మాంగనీసు అను లోహము లీటరులో గ్రామునందు లక్షవ వంతు ఉన్నను దిగుబడి పడిపోవును. అందుచేతనే బెల్లపు మడ్డివంటి చవుక సరుకును వాడునప్పుడు ముందుగా అందులోని ఇనుము, మాంగనీసు మున్నగువానిని తొలగింపవలసి యుండును. ఒక ప్రాణిని అర్ధాకలితో ఉంచి పని చేయించుకొను పరిశ్రమ ఇది.

కర్రీ 1917లోనే న్యూయార్కు నగరపు ఫైజర్ కంపెనీలో చేరెను. ఆ కంపెనీ 1880 నుండి ఇటలీ సిట్రేటును కొని ఆమ్లము చేయుచుండెను. మొదటి ప్రపంచయుద్ధములో ఆ సరుకు రాక ఒడిదుడుకులకు లోనుకాగా దానికి ఈ అవసరము బాగుగా తెలిసివచ్చెను. 1919లో పంచదారనుండి ఆమ్లము చేయు పని ఆరంభమయ్యెను. లోతులేని వెడల్పు పళ్ళెములలో చక్కెర నీరు పోసి, దానిపై బూజును మీగడవలె పెంచెడివారు. తరువాత లోతైన తొట్లలో గాలి ఊదుచు ద్రావణములోపలనే పెంచు పద్ధతి వచ్చెను. ఈ విద్యలో ఆరితేరిన కంపెనీ గనుకనే, రెండవ ప్రపంచయుద్ధములో పెనిసిలిన్ కావలసివచ్చినప్పుడు అది 1944లో ఒక పాత మంచు కర్మాగారమును మార్చి, అందులో లోతైన తొట్లలో ఆ మందును తయారుచేయగలిగినది. పుల్లని బిళ్ళలకొరకు నేర్చిన నేర్పు సైనికుల ప్రాణములకు పనికివచ్చెను.

సిసిలీకి మాత్రము దెబ్బ తగిలెను. ఒక పదిపదిహేనేండ్లలో కొనువారు ఒక్కొక్కరుగా తగ్గి, సిట్రేటు వ్యాపారము అణగిపోయెను. మండలి ధర ఎంత నిర్ణయించినను, చక్కెర దొరకు ఏ దేశమైనను పులుపును తానే చేసికొనవచ్చునని తేలిపోయిన తరువాత ఆ నిర్ణయమునకు విలువ ఏమున్నది? మార్కాపురమువారికి ఈ బాధ పరాయిది కాదు. బడిపిల్లల చేతులలో మార్కాపురపు పలక ఉన్న రోజులు పెద్దలకు తెలియును. నోటుపుస్తకములు చవుకై, రేకుపలకలు, ప్లాస్టిక్ పలకలు వచ్చిన పిదప ఆ గిరాకి తగ్గెను. అయినను పలకరాయి మన కొండలలో తప్ప మరియొకచోట పుట్టింపరానిది. అందుచే అదే రాయి ఇండ్ల అలంకరణకై విదేశములకు పోవు దారి పట్టినది. సిట్రిక్ ఆమ్లమునకు అట్టి చోటుబలము లేదు. నిమ్మనుండి వచ్చిన ఆమ్లమునకును బూజునుండి వచ్చిన ఆమ్లమునకును అణువులో రవ్వంత భేదము లేదు. సిసిలీ రైతునకు మిగిలినవి తాజా కాయయు, తొక్కతైలమును. బూజు చేయజాలనివి ఆ రెండే.

ఇప్పుడు మన విద్యార్థి ప్రశ్నకు లెక్క వేయుదము. 100 కిలోల నిమ్మకాయలు పిండినచో సుమారు 40 కిలోల రసము వచ్చును. అందులో ఆమ్లము నూటికి 6, 7 పాళ్ళు. వడపోతలలో పోవు నష్టము తీసివేయగా రెండున్నర కిలోల నిమ్మ ఉప్పు చేతికి రావచ్చును. అనగా కిలో నిమ్మ ఉప్పునకు 40 కిలోల కాయలు. ప్రపంచ మార్కెట్టులో టోకున ఈ ఆమ్లము ధర సాధారణ సంవత్సరములలో కిలోకు ఒక డాలరునకు అటు ఇటుగా ఉండును. ఆ సొమ్ము మొత్తము కాయలకే ఇచ్చినను రైతునకు కిలో కాయపై రెండు రూపాయలు ముట్టుట కష్టము. అందులోనే సున్నము, గంధకికామ్లము, వంటచెరకు, కూలి, జిప్సపు మడ్డి పారబోయు ఖర్చు ఇమడవలెను. మరియొక వైపు చూడుడు. రసాయన సమీకరణము ప్రకారము 100 కిలోల పంచదారనుండి 112 కిలోల ఆమ్లము రావలెను. గాలిలోని ఆక్సిజను కూడ చేరును గనుక బరువు పెరుగును. బూజు కొంత తాను తినును గాబట్టి 70, 80 కిలోలకు తక్కువ కాకుండ దొరకును. ఇంత అంతరమును ఏ సహకారసంఘముగాని, ఏ ప్రభుత్వపు రాయితీగాని పూడ్చలేదు. పారబోయు కాయకు విలువ తేవలెనన్నచో తొక్కతైలము, ఊరగాయ, నిలువయుండు రసము వంటివాటివైపు చూడవలెనుగాని, ఈ ఆమ్లమువైపు కాదని నా నమ్మకము.

సిసిలీ గుత్త పోయిన తరువాతనైనను వ్యాపారము స్వేచ్ఛగా సాగినదా అనిన, అదియు లేదు. తోటల గుత్త స్థానమున తొట్ల గుత్త వచ్చెను. 1991 నుండి 1995 వరకు అమెరికాకు చెందిన ఆర్చర్ డేనియల్స్ మిడ్లండ్, స్విట్జర్లాండు కంపెనీలైన హాఫ్‌మన్ లా రోష్, యుంగ్‌బుంట్స్‌లావర్, జర్మనీకి చెందిన హార్మన్ అండ్ రైమర్ కూడబలుకుకొని, ధరను, ఎవరెంత అమ్మవలెనను వాటాలను రహస్యముగా నిర్ణయించుకొనిరి. సంగతి బయటపడినది. 1996లో ఆర్చర్ డేనియల్స్ మిడ్లండ్ నేరమును ఒప్పుకొని అమెరికా ప్రభుత్వమునకు 10 కోట్ల డాలర్ల జరిమానా చెల్లించెను. అందులో 3 కోట్లు సిట్రిక్ ఆమ్లము నిమిత్తము, తక్కినది లైసీను అను పశువుల దాణా పదార్థము నిమిత్తము. 2001లో ఐరోపా సంఘము ఈ నాలుగింటికిని, సెరెస్టార్ అను మరియొక కంపెనీకిని కలిపి 13 కోట్ల 50 లక్షల యూరోలకు పైగా జరిమానా విధించెను.

వీరు ధర పెంచి కూర్చుండగా తూర్పుననుండి మరియొకడు సరుకుతో దిగెను. చైనాలో మొక్కజొన్న పిండిని చక్కెరగా మార్చి, దానిపై అదే నల్లబూజును పెంచు కర్మాగారములు వెలసి, చవుకగా ఎగుమతి చేయసాగెను. కూటమివారి ఎత్తు ధరయే ఆ క్రొత్తవారికి తలుపు తెరచినదని చెప్పవచ్చును. 2008లో ఐరోపా సంఘము, 2009లో అమెరికా చైనా ఆమ్లముపై అడ్డుసుంకములు వేసినవి. అయినను నేడు ప్రపంచములో ఏటేట తయారగు ఇరువది లక్షల టన్నులకు పైబడిన సిట్రిక్ ఆమ్లములో సగమునకు మించినది చైనాదే. మన దేశము దిగుమతి చేసికొనునదియు చాలవరకు అచ్చటిదే. చక్కెరయు, బెల్లపు మడ్డియు, మొక్కజొన్నయు మనకు కొదువ లేవు. తెలివియు రహస్యము కాదు. కొరత పెద్ద తొట్లలోను, చవుక విద్యుత్తులోను, మడ్డినీరును శుద్ధిచేయు ఏర్పాట్లలోను ఉన్నది. 2021లో ఓడకిరాయిలు పెరిగినప్పుడు ఈ పలుకుల ధర కూడ ఎగబ్రాకినది; అప్పుడు గిద్దలూరు సోడా సీసాకును చైనా రేవునకును గల సంబంధము మనకు కొంత తెలిసెను.

మరి నల్లమల చింతపండు సంగతి ఏమి? ఈ ప్రాంతములో పులుపనగా మొదట చింతపండే. అడవిలో చెంచులు ఏరి తెచ్చు ఫలసాయములో అది ఒకటి. 1956లో స్థాపింపబడిన గిరిజన సహకార సంస్థ కొనుగోలు చేయు వస్తువులలో అది ముఖ్యమైనది. దానికి బూజు భయము లేదు. చింతపండు పులుపు టార్టారిక్ ఆమ్లమునుండి వచ్చునుగాని సిట్రిక్ ఆమ్లమునుండి కాదు. గుజ్జులో అది నూటికి 8 మొదలు 18 పాళ్ళ వరకు ఉండును. నిమ్మరసములోని ఆమ్లపు పాలుకన్న ఇది ఎక్కువ. ఆ ఆమ్లమును కూడ విడదీసి అమ్మువారు ఉన్నారు. కాని ఐరోపాలో ద్రాక్షసారా పీపాల అడుగు మడ్డినుండియు, చైనాలో రసాయనిక పద్ధతినిబట్టియు తీయుదురు. చింతపండును కరగించి ఆమ్లము చేయుట దండుగ, ఏలయన పండుగానే దానికి ఎక్కువ ధర. పులుసునకు చిక్కదనము, తీపి, రంగు ఇచ్చునది గుజ్జు. పెండ్లి పులిహోరలో నిమ్మ ఉప్పు వేసినవాడు పులుపు తేగలడుగాని ఆ రుచిని తేలేడు. ఫ్లోరైడు నీటితో బాధపడు మన పల్లెలవారు ఎరుగవలసిన మాట మరియొకటి: హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థవారు 2002లో ప్రచురించిన పరిశీలనలో, చింతపండు తినిన బాలుర మూత్రములో ఫ్లోరైడు విసర్జన పెరుగుట కనబడెను. ఇది చికిత్స కాదు, మంచినీటికి బదులు కాదు.

ఈ రెండు పులుపుల భేదమును ఉన్నత పాఠశాలలో సులభముగా చూపవచ్చును. సున్నము కలిపి తేరిన నీటిని రెండు పరీక్షనాళికలలో పావువంతు పోయవలెను. ఒకదానిలో పలుచని టార్టారిక్ ఆమ్ల ద్రావణమును కొన్ని చుక్కలు వేసినచో చల్లగా ఉన్నప్పుడే తెల్లని అవక్షేపము వచ్చును. రెండవదానిలో కొట్టునుండి తెచ్చిన నిమ్మ ఉప్పును నీట కరగించి కొన్ని చుక్కలు వేసినచో తేట చెదరదు. ఆ నాళికను సారాదీపముపై మరుగువరకు కాచవలెను. వేడినీట కాల్షియం సిట్రేటు కరుగుట తక్కువ గావున అప్పుడు తెల్లగా మబ్బు క్రమ్మును. ద్రావణమును వేడిగా ఉంచి సిట్రేటును దింపుటలో గల మర్మము ఇదియే. తెల్లదనము కనబడిన వెంటనే నాళికను ప్రక్కకు తీసి చల్లార్చినచో అది మెల్లగా మరల కరుగుటను కూడ పిల్లలు చూడగలరు.